కుర్చీ తిరగని మలుపు

ఆ రోజు పొద్దున్న కుర్చీ మామ మోసిన మొదటి మనిషి, మూడో అంతస్తు మెట్ల మీద జారి కాలు విరగ్గొట్టుకున్న లెక్కల మాస్టారు. ఒడ్డూ పొడుగూ ఉన్న మనిషి. మెట్లు దిగుతున్నంతసేపూ "పడెయ్యవు కదా మామా?" అని అడుగుతూనే ఉన్నాడు.

"పడితే ఇద్దరం పడతాం మాస్టారూ. లెక్క సరిపోతుంది."

అతని పనే అది. గోడ లోపలి ఊళ్ళో జబ్బుపడ్డవాళ్ళను, నొప్పులొచ్చినవాళ్ళను పేము కుర్చీలో కూర్చోబెట్టి, ఆ కుర్చీని పట్టీలతో వీపుకు బిగించుకుని, కోటవాకిలి దాటించి బయట రోడ్డు మీద ఆగిన అంబులెన్సుకు అప్పగిస్తాడు. వాళ్ళ నాన్నా అదే చేశాడు. అతనికి అసలు పేరొకటి ఉందని భార్యకు తప్ప ఎవరికీ గుర్తులేదు. ఆవిడా పేరు పెట్టి పిలవదు.

ఇలాంటి పని పుట్టడానికి కారణం గోడే. ఎప్పుడో ఏ రాజుకో శత్రుభయం పట్టుకుని ఊరి చుట్టూ కట్టించాడు. శత్రువులు వచ్చారు, పోయారు. రాజులూ పోయారు. గోడ మిగిలింది. జనం పెరిగారు గాని గోడ పెరగలేదు. ఊరు పక్కకు సాగలేక పైకి లేచింది. ఇంటి మీద ఇల్లు, దాని మీద గది, ఆ గదికీ ఎదురింటికీ మధ్య సందు మీదుగా మరో గది. సందులు సన్నబడి సన్నబడి, గొడుగు విప్పితే రెండు పక్కలా తగిలేటంత అయ్యాయి. రోడ్డుకు దగ్గరగా ఉన్నది ఒక్క పడమటి వాకిలి. దూలాలు పట్టుకుని తలుపుల మీదికి పరుగెత్తుకొచ్చే శత్రువుకు ఊపు చిక్కకూడదని ఆ దారిని మధ్యలో మోచేయిలా వంచి కట్టారు. శత్రువులు ఆగారో లేదో గాని అంబులెన్సు మాత్రం ఆగిపోయింది.

ఆ మలుపు దగ్గర కుర్చీ మామ ఒక మోకాలు నేలకు ఆనిస్తాడు, ఎడమ భుజం ముందుకు తోస్తాడు, "కాళ్ళు ముడుచుకో" అంటాడు. కుర్చీలోవాళ్ళు కాళ్ళు పైకి లాక్కుంటారు. ఒక్క తిప్పు, అవతల వెలుతురు. గోడ లోపల ఆ మాట ఒక్కసారైనా వినని ఇల్లు లేదు.

సందుల్లో మర్యాద వేరు. "కుర్చీ!" అని కేక వినపడగానే ఎదురొచ్చేవాళ్ళు దగ్గరున్న గుమ్మం ఎక్కెయ్యాలి. పగవాడి గుమ్మమైనా సరే, ఆ ఇంటివాళ్ళు కాదనకూడదు. అలా ఎక్కి, నిలబడ్డ పాపానికి మంచినీళ్ళు తాగి, పాత తగాదాలు తీర్చుకున్నవాళ్ళున్నారు. కుర్చీ దాటిపోయాక చేతిలో పని వదిలేసి వెనకాలే వాకిలిదాకా నడుస్తారు. రోగి ఒంటరిగా పోకూడదు.

బయటివాళ్ళు వీళ్ళను గోడబల్లులంటారు. వీళ్ళకది తిట్టులా తోచదు. "బల్లికి పట్టుకోడానికి గోడైనా ఉంది, మీకేముంది?" అంటారు.

కుర్చీ మామ భార్య కిటికీ పక్కన మిషను వేసుకుని స్కూలు బట్టలు కుట్టేది. ఊరికంతటికీ మిషనత్త. కుర్చీ పట్టీలు కుట్టేదీ ఆవిడే. బరువు మోసేటప్పుడు జేబులో మోగితే చిరాకని అతను ఫోను ఆవిడ దగ్గరే వదిలి వెళ్ళేవాడు. ఎవరికి ఏమైనా ఫోను ఆవిడకు, ఆవిడ కేక కిటికీలోంచి అతనికి. కూతురు కడుపులో ఉన్నప్పుడు ఆవిడ నొప్పులతో నడిచే వాకిలి దాటింది తప్ప కుర్చీ ఎక్కలేదు.

"రోజూ మోసే మనిషివి, ఇంట్లో కూడానా?" అంది.

రెండేళ్ళ కిందట పురపాలక ఆఫీసు నుంచి ఒక ఇంజనీరమ్మ వచ్చింది. మలుపు పక్కన గోడను కొంత మేర తొలిచి తిన్నగా దారి తీస్తే, అంబులెన్సు లోపలి బజారు దాకా వస్తుందని చెప్పింది. ఊరి పెద్ద కిరాణా కొట్టాయన అందరినీ బజార్లో కూర్చోబెట్టాడు. సగం మంది గోడ మీద పిల్లుల్లా ఉన్నారు. అప్పుడు కుర్చీ మామ లేచాడు.

"అమ్మా, బయట పక్కింట్లో చావొస్తే మూడో రోజు గాని తెలీదు. ఇక్కడ నేనొక్క కేక పెడితే ఊరంతా గుమ్మమెక్కుతుంది. ఎందుకు? దారి ఇరుకు కాబట్టి. రేపు గోడ పగలగొడితే బండ్లొస్తాయి. బండికి దారిచ్చేవాడు గుమ్మమెక్కడు, తలుపేసుకుంటాడు. గోడే మన ఊరు. అది పోతే మనం ఉట్టి జనం."

చప్పట్లు మోగాయి. ఇంజనీరమ్మ కాగితాలు చుట్టుకుంటూ, "మీరు బాగా మాట్లాడారండీ. కానీ మీరు ఒక్కరే ఉన్నారు" అంది. ఎవరూ పట్టించుకోలేదు. "గోడే మన ఊరు" అన్న మాటను కిరాణా కొట్టాయన పలక మీద రాయించి వాకిలి పైన పెట్టించాడు.

ఇంటికొస్తే మిషనత్త దారం కొరుకుతూ, "ఊరి కోసం మాట్లాడావా, కుర్చీ కోసమా?" అంది.

"రెండూ ఒకటే కదే."

"అయితే ముసలితనంలో నన్ను ఊరికే మోయాలి."

"నువ్వా? రెండు బస్తాలున్నావు. కిరాయి ముందే పెట్టు."

లెక్కల మాస్టారిని ఎక్కించుకున్న అంబులెన్సు వెళ్ళిపోయాక, ఎప్పటిలాగే కుర్చీ మామ రోడ్డవతల కొట్టు దగ్గర టీ తీసుకున్నాడు. సగం తాగేసరికి కూత పెట్టుకుంటూ ఇంకో అంబులెన్సు వచ్చి ఆగింది.

"ఇంకో మనిషా మామా?" అన్నాడు డ్రైవరు.

"నాకు తెలీకుండానా? దారి తప్పి ఉంటావు."

అంతలో వాకిట్లోంచి అరుపులు వినపడ్డాయి.

లోపల జరిగింది ఇది. మిషను ముందు కూర్చున్న మిషనత్త ఒక పక్కకు ఒరిగిపోయింది. నోరు వంకర పోయింది, కుడికాలు, కుడిచెయ్యి పడిపోయాయి. పక్కింటివాళ్ళు అంబులెన్సును పిలిచి, వెంటనే కుర్చీ మామ నంబరు నొక్కారు. ఫోను ఆవిడ పక్కనే మోగింది. మూల పాత కుర్చీ ఒకటుంది గాని దాని పట్టీ మిషను సూది కింద సగం కుట్టి ఉంది. ఇద్దరు మగవాళ్ళు ఆవిడను అందులో కూర్చోబెట్టి, ముందొకరు వెనకొకరు చేతులతో పట్టుకున్నారు. "కుర్చీ!" అని కేక వేశారు. ఊరంతా గుమ్మమెక్కింది. కుర్చీలో ఉన్నది మిషనత్త అని తెలిశాక ఇంట్లో ఎవరు ఉంటారు? ఆవిడ కుట్టిన బట్ట వేసుకోని పిల్ల లేదు ఆ ఊళ్ళో. అందరూ వెనకాలే బయల్దేరారు.

మలుపు దగ్గర కుర్చీ కాళ్ళు గోడకు పట్టేశాయి. వెనక్కి తీసి వంచితే తిరిగేది. వెనక్కి తీయడానికి చోటు లేదు. వాకిలి నిండా మనుషులు. వాళ్ళ వెనక సందు నిండా మనుషులు.

కుర్చీ మామ గ్లాసు వదిలేసి పరుగెత్తాడు. మలుపు ఇవతలి నుంచి అతనికి కనపడింది కుర్చీ కాలొకటి, ఆవిడ ఎడమ చెయ్యి. గాజులు గుర్తుపట్టాడు.

"వెనక్కి జరగండి! వెనక్కి!"

ముందున్నవాళ్ళు వెనక్కి తిరిగి అదే మాట చెప్పారు. ఆ వెనకవాళ్ళకు అరుపు వినపడిందే గాని మాట వినపడలేదు. సాయం కావాలేమోనని ఇంకాస్త ముందుకు వచ్చారు.

"కాళ్ళు ముడుచుకోమనండర్రా! కాళ్ళు!"

"కాలు రావట్లేదు మామా! పడిపోయింది!"

అతను కుర్చీకీ గోడకూ మధ్య చెయ్యి దూర్చి ఆవిడ వేళ్ళు పట్టుకున్నాడు. ఆవిడ గట్టిగానే పట్టుకుంది. ఊళ్ళో ఎందరినో తిప్పిన మలుపు అది. తను అవతల ఉండి ఉంటే ఒక్క మోకాలు పని. చివరకు కుర్చీ చెయ్యి విరగ్గొట్టి, ఆవిడను తలల మీదుగా అందించారు. అప్పటికి చాలాసేపయింది. అంబులెన్సులో అతని వేళ్ళు వదిలేసింది.

సాయంత్రం డాక్టరు బయటికొచ్చి, "కాస్త ముందు తీసుకురావాల్సింది" అన్నాడు. ఆ మాట ఆయన రోజూ ఎంతమందికో చెబుతాడు.

నాలుగు నెలలు కుర్చీ మామ పని మానలేదు. పిలిస్తే వెళ్ళాడు, మోశాడు. గోడ బయట కాపురముంటున్న కూతురు వచ్చి "మా ఇంటికి రా నాన్నా" అంటే, "ఇక్కడ మోసేవాడు లేడమ్మా" అన్నాడు. సగం కుట్టిన పట్టీని మిషను కింది నుంచి తీసి, మిగతా సగం చేత్తో కుట్టుకున్నాడు. కుట్లు ఎగుడుదిగుడుగా వచ్చాయి.

ఆ తర్వాత కిరాణా కొట్టాయన దగ్గరికి వెళ్ళి, ఇంజనీరమ్మను మళ్ళీ పిలిపించమన్నాడు.

బజార్లో మళ్ళీ అందరూ కూర్చున్నారు. అతను లేచి, "పగలగొట్టండి" అన్నాడు. మొదటిసారి మాటలు వాటంతటవే వచ్చాయి. ఈసారి రాలేదు.

కిరాణా కొట్టాయన దగ్గరికొచ్చి భుజం మీద చెయ్యి వేశాడు. "మామా, నీ బాధ మాకు తెలీదా? కానీ ఆ రోజు నువ్వు చెప్పిన మాట మేమెవరం మర్చిపోలేదు."

"ఆ మాట తప్పు."

"కడుపు మండి అంటున్నావు. రేపు నువ్వే బాధపడతావు."

"నేను బుద్ధి తెలిసే అంటున్నానురా."

ఎవరో ముక్కు చీదారు. ఒకామె, "పాపం, పిచ్చివాడైపోయాడు" అంది, వినపడకూడదనుకుంటూ. వెనక నిలబడ్డ కూతురు "మా నాన్నకు పిచ్చేం లేదు" అంది. "నువ్వు బయటిదానివమ్మా, ఇందులో నీ మాట చెల్లదు" అన్నారు, మెత్తగానే. అతను వాళ్ళ ముఖాలు చూశాడు. అందరూ అతని భార్య వెనక నడిచినవాళ్ళే. అందరూ ఏడుస్తున్నారు. ఒక్కరూ మాట వినట్లేదు.

చేతులెత్తమన్నారు. గోడ తెరవాలన్నవాళ్ళు ఆరుగురు.

ఇంకో తీర్మానం మాత్రం అందరూ ఒక్క గొంతుతో ఒప్పుకున్నారు. ఇకమీదట కుర్చీ వెనక ఎవరూ నడవకూడదు. ఇంజనీరమ్మ కాగితాలు చుట్టుకుంది.

మర్నాడు పొద్దున్నే కిరాణా కొట్టాయన వాళ్ళమ్మకు ఊపిరాడలేదు. కుర్చీ మామ పట్టీలు బిగించుకుని "కుర్చీ!" అని కేక పెట్టాడు. అందరూ గుమ్మాలెక్కి నిలబడ్డారు. అతను దాటిపోయాక ఎవరూ దిగలేదు. కొడుకు కూడా గుమ్మం మీదే ఆగిపోయాడు. వాకిలిదాకా వెనక ఒక్క అడుగు చప్పుడు లేదు.

మలుపు దగ్గర అతను మోకాలు ఆనించాడు.

"కాళ్ళు ముడుచుకో పెద్దమ్మా" అన్నాడు.