సల్మె మతిమరుపు

సల్మె రౌహాల అనే గాయనికి ఏ పాటా రెండో చరణం దాటి గుర్తుండదు. హెల్సింకీ ఒపేరాలో, వేదిక ముందున్న గూట్లో కూర్చుని ఏడేళ్లు ఆవిడకు మాటలు అందించినవాణ్ణి, నేను చెబుతున్నాను, నమ్మండి. కథలో విషం తాగి పడిపోతూ కూడా నా గూటిదాకా దొర్లుకుంటూ వచ్చి, "ఓస్కరి బాబాయ్, తర్వాతేమిటి?" అనేది.

"చచ్చిపోతున్నానని పాడమ్మా" అనేవాణ్ణి.

పాడి, హాయిగా చచ్చిపోయేది. జనం ఒకటే చప్పట్లు.

అంతకుముందు మా మేనేజరు, "అందరికీ పాటలు నోటికొచ్చు, ఇంక నువ్వెందుకయ్యా?" అని నా గూటికి మేకులు కొట్టించబోయాడు. నా అదృష్టం, సరిగ్గా ఆ వారమే సల్మెకు మతిమరుపు పట్టుకుంది. మేకులు ఆగిపోయాయి, నా రొట్టె నిలబడింది.

అలా ఏళ్లు గడిచాక ఆవిడకు పాటల సినిమాలో హీరోయిన్ వేషం వచ్చింది. ఊరంతా సందడే సందడి.

"మా బాబాయ్ లేకుండా నోరు తెరవను" అని కూర్చుంది.

"సినిమాలో గూడెక్కడ పెట్టనమ్మా?" అన్నాడు దర్శకుడు హకులినెన్.

"మీ తిప్పలు మీరు పడండి."

పడ్డాడు పాపం. నన్ను పియానో వెనక దాచాడు, గడ్డివాములో దూర్చాడు. దోమలు పీక్కుతిన్నాయి. అయినా ఏం సంబరమో, సినిమాలో నేను! కనపడకపోతేనేం?

ఆఖరి పాట సరస్సు మీద, పడవలో. నన్ను పడవ అడుగున పడుకోబెట్టి గోనెపట్టా కప్పారు. అప్పుడే ఆవిరిస్నానం చేసి, కడుపునిండా చేపల పులుసు తాగి వచ్చాను. పడవ మెల్లగా ఊగింది. ఇంకేముంది, కళ్లు మూతలు పడ్డాయి.

చప్పట్లకు మెలకువొచ్చింది. నాలుగు చరణాలూ అయిపోయాయట, అక్షరం పొల్లుపోలేదట. పైగా హీరో తడబడితే మాట ఆవిడే అందించిందట.

హకులినెన్ ఎగిరి గంతేశాడు. "ఈవిడకు పాటంతా వచ్చు! మీ మేనేజరుకు ఇప్పుడే టెలిఫోన్ చేసి చెబుతాను."

నా పని అయిపోయిందనుకున్నాను.

"నాకెలా వస్తుందండీ? అంతా బాబాయే అందించాడు" అంది సల్మె.

"మాకొక్క ముక్క వినపడలేదే?"

"మీకు వినపడకుండా అందించడమే ఆయన పనితనం."

"మరి ఆ గుర్రు గుర్రు?"

"అది నాకు శ్రుతి."

హకులినెన్‌కు నోట మాట రాలేదు. ఆయనకూ నేనే అందించాల్సింది.

ఒడ్డుకొచ్చాక, "ఎన్నాళ్ల నుంచమ్మా ఈ నాటకం?" అని అడిగాను.

"ఏమో బాబాయ్, గుర్తులేదు" అని కాఫీ కప్పు నా చేతిలో పెట్టింది.