ఇంకొక్కపారి

గోదావరిఖనిలో మా పక్క క్వార్టరులో, అందరూ కాక అని పిలిచే పెద్దాయన ఉండేవాడు. ఆయన తన జమిడిక వాయిద్యపు ఒంటితీగ మీటితే కాలం సరిగ్గా గంట వెనక్కి పోయేది. మాంసం తిన్నప్పుడల్లా చెయ్యి కడగకుండానే "ఇంకొక్కపారి" అంటూ జిడ్డువేలితో మీటి, మళ్లీ తినేవాడు.

ఒకరోజు బొగ్గుబాయిలో పైకప్పు కూలి ఎదురింటామె భర్త చనిపోయాడు. ఆమె ఉరికొచ్చి కాక కాళ్లు పట్టుకుంది.

"కాకా, గంట గూడ కాలేదట. జల్ది ఎనుకకు తిప్పు. బాయికి ఫోన్ చేసి ఆయనను పైకి రప్పిస్త."

"ఇప్పుడే పన్ను పీకించుకొని వచ్చిన బిడ్డా. మళ్ల గా నొప్పి నేను పడాల్నా?"

సాయంత్రం ఆమె వాకిట్లో శవాన్ని దించారు. ఆమె గుండెలు బాదుకుంటుంటే, కాక నోట్లోని దూది ఉమ్మేసి మాంసం తిన్నాడు. "ఇంకొక్కపారి" అన్నాడు.

శవాన్ని మళ్లీ దించారు.