ముందు ఎవరి పేరు

మా పార్టీ ఓడిపోయాక నాకు పదవి వచ్చింది. గెలిచి ఏలినన్నాళ్ళూ మీటింగులకు ఆడవాళ్ళను పోగుచేయడానికే పనికొచ్చినదాన్ని, ఓడగానే అధికార ప్రతినిధిని అయిపోయాను. అసెంబ్లీలో మాకు మిగిలిన ఎమ్మెల్యేలు కొద్దిమందే. అందుకని మా పక్షనాయకుడు ఒక జట్టు కట్టాడు. ఒక్కో శాఖకు ఒక్కో ప్రతినిధి. ఆ శాఖ మంత్రిని వెయ్యి కళ్ళతో కనిపెట్టాలి, సభలో మా ఎమ్మెల్యేలు అడగాల్సింది రాసివ్వాలి, బయటికొచ్చి మైకుల ముందు మాట్లాడాలి.

పదిహేనేళ్ళు కాలేజీలో కామర్స్ చెప్పాను కాబట్టి విద్యాశాఖ నాకే ఇస్తారనుకున్నాను. అది ఎవరి అల్లుడికో పోయింది. శాఖలన్నీ పంచేసి చివరికి నా దగ్గరికొచ్చేసరికి, మునిసిపల్ శాఖ దక్కించుకున్న పెద్దమనిషి గొంతు సవరించుకున్నాడు.

"మేడమ్ పుట్టిల్లు మాదన్నపేట గద, బర్లోళ్ళ ఇల్లు. పశుసంవర్ధకం ఆమెకే రాయుండ్రి."

గదంతా పకపకా నవ్వింది. పక్షనాయకుడు నవ్వుతూనే రాసుకున్నాడు. నేనూ నవ్వాను. ఆరోజు నవ్వినందుకు నన్ను నేను ఇప్పటికీ తిట్టుకుంటూనే ఉన్నాను.

మాది బర్ల ఇల్లే, గేదెల పాలమ్ముకుని బతికే ఇల్లు, అందులో దాచుకోవడానికేమీ లేదు. తాత కాలం నుంచీ ఇంటి వెనక షెడ్డు ఉంది. బాపు పోయాక అన్న చూసుకుంటున్నాడు. పదకొండు బర్లు. కూరగాయల మార్కెట్లో మిగిలిపోయిన క్యాబేజీ ఆకులూ గోబీ మట్టలూ ఏరుకొచ్చి వేస్తాడు. గల్లీలో సగం ఇళ్ళకు, మూల మీది చాయ్ హోటల్‌కు మా పాలే. పెళ్ళయి ఉప్పుగూడకు వచ్చాక కూడా నేను ప్యాకెట్ పాలు కొన్నది లేదు.

మునిసిపల్ ఆయన సంగతి చెప్పాలి. ఇంకో పార్టీలో గాలి తగ్గాక మా పార్టీలోకి వచ్చినవాడు. ఊరికి ఆ చివర, లిఫ్టులున్న అపార్ట్‌మెంట్లలో ఉంటాడు. ఎన్నికలప్పుడు తప్ప మూసీ దాటి మా పాతబస్తీ వైపు రాడు. అయినా టీవీలో పాతబస్తీ గురించి మాట్లాడేది ఆయనే, ఎందుకంటే మురుగునీటి నాలాలూ చెత్తా నల్లా నీళ్ళూ ఆయన శాఖ. ఒకసారి బర్ల పేడ వల్లనే పాతబస్తీ నాలాలు నిండిపోతున్నాయని సెలవిచ్చాడు. అన్న అది చూసి నాకు ఫోన్ చేశాడు.

"గీయన మీ పార్టేనానే?"

అవునని చెప్పి ఫోన్ పెట్టేశాను. మరునాడు పార్టీ ఆఫీసులో ఆయన మీద ఒంటికాలి మీద లేచాను. "మీ శాఖల మేం వేలు పెడుతున్నమా మేడమ్" అని నవ్వేశాడు. ఏడాది మొత్తం మీద నన్ను టీవీ వాళ్ళు పిలిచింది రెండుసార్లు, ఒకసారి గొర్రెల రోగానికి, ఒకసారి కోళ్ళ రోగానికి.

అసెంబ్లీ నడుస్తున్న రోజుల్లోనే మాదన్నపేట షెడ్లకు మునిసిపల్ వాళ్ళు నోటీసులు అంటించారు. వారంలో ఖాళీ చేసి ఊరి బయట జల్‌పల్లి అవతల చూపించిన జాగాకు పోవాలట. అక్కడ బోరు లేదు, పైన రేకు లేదు. అక్కడినుంచి పాలు వచ్చేసరికి చాయ్ హోటల్ వాడు ప్యాకెట్లు కత్తిరించుకుని గిరాకీ నడిపేస్తాడు. అన్నకు ఆ పని తప్ప ఇంకొకటి రాదు.

"మీ సభల ఒక్క మాట రానియ్యి చెల్లె" అన్నాడు. "మంత్రి లేచి 'చూస్తం' అంటె చాలు, ఆఫీసర్లు ఆగుతరు."

అన్న పెద్దగా చదువుకోలేదు గానీ లెక్క తప్పలేదు. అంతకుముందు ఇంకో బస్తీలో ఇళ్ళు కూల్చడానికి జేసీబీ వచ్చినప్పుడు, సభలో మంత్రి "పరిశీలిస్తాం" అన్న ఒక్క మాటకు అది వెనక్కి పోయింది, మళ్ళీ రాలేదు. చాయ్ హోటల్ ఆయన కూడా అన్నకు ధైర్యం చెప్పాడట: "ఫికర్ నక్కో కరో భాయ్, తుమారీ బహెన్ హై నా అసెంబ్లీ మే." దిగులెందుకు, అసెంబ్లీలో నీ చెల్లెలు ఉంది కదా అని.

రెండు రోజులు షెడ్డు షెడ్డూ తిరిగాను. ఎవరివి ఎన్ని బర్లు, ఎన్నాళ్ళ నుంచి ఉన్నారు, కొత్త జాగాలో ఏమేం లేవు, అన్నీ ఒక్క పేజీలో కుదించి రాశాను. ఏడాదిలో నా శాఖకు వచ్చిన మొదటి అసలైన పని అది.

ఆ మర్నాడే సమావేశాలకు ఆఖరి రోజు. జీరో అవర్‌లో మా పార్టీకి దక్కింది ఒకే ఒక్క అంశం. సభ మొదలయ్యేలోపు ఎమ్మెల్యే సంతకంతో నోటీసు అందాలి. దానికి ముందు మాలో మాకొక నియమం ఉంది: ఏ శాఖ విషయమైతే ఆ ప్రతినిధి కాగితం మీద సంతకం పెట్టాలి. రెండు శాఖలకు సంబంధించినదైతే ఇద్దరూ పెట్టాలి. ఒకరి విషయం ఇంకొకరు ఎత్తుకుపోతున్నారని లొల్లి ముదిరి, పక్షనాయకుడు పెట్టిన నియమం అది.

పొద్దున్నే అసెంబ్లీలోని మా పార్టీ గదికి వెళ్ళేసరికి మునిసిపల్ ఆయన ఇస్త్రీ మడత నలగకుండా కూర్చుని ఉన్నాడు. నా పేజీ తీసుకుని చదివాడు.

"మంచిగున్నది. కాని నోటీసులిచ్చింది మునిసిపల్ వాళ్ళు మేడమ్. ముందు నా పేరుండాలె."

"బర్లు పశుసంవర్ధకం కిందికి వస్తయి" అన్నాను. "ముందు నా పేరే ఉండాలె."

టైపు చేసే ముసలాయన పాపం రెండు రకాలుగానూ ప్రింటు తీసి బల్ల మీద పెట్టాడు. సభలో చదవాల్సిన ఎమ్మెల్యే గడియారం చూసుకుంటూ "పేర్లల్ల ఏమున్నదమ్మా, జల్ది కానియ్యుండ్రి" అని బతిమాలాడు. మేమిద్దరం ఆయన వైపు కూడా చూడలేదు. నువ్వెంతంటే నువ్వెంత అనుకునేదాకా పోయింది. చివరికి మునిసిపల్ ఆయనే ఒక మెట్టు దిగాడు.

"సరే, మీ పేరే ముందు పెట్టుకోండ్రి. బయట మీడియా పాయింట్ కాడ మాత్రం నేను మాట్లాడుత."

నాకు నెత్తి మీద నిప్పులు పోసినట్టయింది.

"మీరా? పేడ తోటి నాలాలు నిండుతున్నయన్న నోటితోనా?"

"గది అప్పటి లైన్ మేడమ్, ఇది ఇప్పటి లైన్. మీరు రాసిందే చదువుత. ఒక్క అక్షరం మార్చ."

కాగితం మడిచి బ్యాగులో పెట్టుకున్నాను. "ఇది నా శాఖ. నా సంతకం లేకుంట బయటికి పోదు" అన్నాను. అప్పుడు నా గొంతులో పలికిన పౌరుషానికి నాకే ఎంతో ముచ్చటేసింది. మా ఇంటిని వెక్కిరించినవాడితో మా ఇంటి కష్టం చెప్పించుకోవడమా అని అన్న పరువు కోసం చేసినట్టే అనుకున్నాను. అబద్ధం. ఏడాదిగా ఆ మైకు కోసం ఎదురుచూస్తున్నాను, అది వాడి చేతికి పోకూడదు, అంతే.

ఎమ్మెల్యే ఇంకో నిమిషం చూశాడు. తర్వాత రోడ్ల శాఖ ప్రతినిధి ఎప్పటినుంచో పట్టుకుని తిరుగుతున్న కాగితం తీసుకుని సంతకం పెట్టి పంపించేశాడు. అది ఎక్కడో ఫ్లైఓవర్ మీద లైట్లు వెలగడం లేదన్న గోడు. జీరో అవర్‌లో అదే చదివాడు. మంత్రి లేచి "పరిశీలిస్తాం అధ్యక్షా" అన్నాడు. ఆ మాట వెళ్ళి బల్బులకు దక్కింది.

ఆ పూటంతా మా షెడ్డులో పాలక్యాను మీద ఫోన్ నిలబెట్టుకుని, చుట్టుపక్కల షెడ్లవాళ్ళందరినీ పిలిచి అన్న అసెంబ్లీ లైవ్ చూపించాడు. "ఇగ వస్తది మా చెల్లెది" అని చెబుతూ కూర్చున్నాడట. సభ వాయిదా పడగానే ఫోన్ చేశాడు.

"స్పీకర్ చాన్స్ ఇయ్యలేదన్నా" అన్నాను.

"వాళ్ళు గంతేనే, నువ్వేం చేస్తవ్" అని స్పీకర్‌ను అమ్మనా బూతులు తిట్టాడు. తిట్టనిచ్చాను.

గడువు తీరిన రోజు జేసీబీ వచ్చి షెడ్లు పడగొట్టింది. అన్న ఏడు బర్లను వచ్చిన ధరకు అమ్మేసి, నాలుగింటిని జల్‌పల్లి అవతలికి తోలుకుపోయాడు. మర్నాడు మునిసిపల్ ఆయన కెమెరాలతో మూసీ దాటి దిగాడు. కూలిన గోడ పక్కన నిలబడి పేదల పొట్ట కొట్టారని గర్జించాడు. మైకులు పోయాక అన్న భుజం మీద చెయ్యి వేసి, పదిమంది ముందే చెప్పాడట: "మీ చెల్లెనే సంతకం పెట్టకపాయె. లేకుంటె ఆరోజే ఆగుతుండె." అందుకు ఆయనను ఎప్పటికీ క్షమించను. కానీ ఆయన చెప్పినదాంట్లో ఒక్క ముక్క కూడా అబద్ధం లేదు.

సాయంత్రం అన్న ఉప్పుగూడకు వచ్చాడు. కూర్చోమంటే కుర్చీ అంచున కూర్చున్నాడు. చాయ్ పెడతానంటే వద్దన్నాడు.

"గాయన చెప్పింది నిజమేనా?"

"నిజమే."

"గాయన చదివితె ఏమైతుండె?"

నా దగ్గర చాలా జవాబులున్నాయి. పేడ మాట ఉంది, ఆ నవ్వు ఉంది, ఏడాది అవమానం ఉంది. ఒక్కటీ ఒక్క బర్రెను కూడా ఆపేది కాదు. అన్న చెయ్యి చాపాడు.

"గా కాయితం ఉన్నదా?"

బ్యాగులోంచి తీసి ఇచ్చాను. అన్నకు చదవడం కొంచెం కొంచెం వస్తుంది. వేలు పెట్టుకుని ఒక్కో మాట కూడబలుక్కుంటూ మొదటినుంచీ చివరిదాకా చదివాడు. తన పేరూ, పదకొండు బర్లూ ఉన్న చోట వేలు ఆగింది. మళ్ళీ చదివాడు. మడతలు చెడిపోకుండా మడిచి నా చేతికిచ్చాడు.

"మంచిగ రాసినవ్ చెల్లె" అన్నాడు. "మస్తు మంచిగ రాసినవ్."

చెప్పులు తొడుక్కుని వెళ్ళిపోయాడు.