కుర్చీ వెనక త్యాగి

జావెలిన్ సమాఖ్య అధ్యక్షుడి కుర్చీలో కూర్చోవద్దని కోర్టు ఆదేశించింది కనుక మిథిలేశ్ త్యాగి దాని వెనక నిలబడతాడు. కుర్చీలో బావమరిది ఉంటాడు. ఆ రోజు ఢిల్లీ మీటింగుకు, అంతా సవ్యంగా జరుగుతోందో లేదో చూడమని కోర్టు పంపిన రిటైర్డు జడ్జిగారూ వచ్చారు. "జట్టులోంచి నా పేరెందుకు తీసేశారు సార్?" అని క్రీడాకారిణి సునైన లేచి అడిగింది. త్యాగి వేలు బావమరిది భుజాన్ని నొక్కింది. "తర్వాత చూద్దాంలే బేటీ," అన్నాడు బావమరిది. త్యాగి పళ్ల సందులోని వక్కపలుకును గోటితో లాగి, ఆ గోరును కుర్చీ వీపుకే తుడిచాడు. జడ్జిగారికి జాలేసింది. "అయ్యో, పెద్దవారు, ఎంతసేపని నిలబడతారు? కూర్చోండి త్యాగీజీ."

"తమరి ఆజ్ఞ," అని త్యాగి పళ్లికిలించాడు. "రండి బావగారూ," అంటూ బావమరిది చటుక్కున లేచాడు. కోర్టు వద్దన్న కుర్చీలో, కోర్టు మనిషి మాట మీదే త్యాగి కూర్చున్నాడు. సునైన ఇంకా నిలబడే ఉంది.