బోర్డుల మామ తాటాకుల దేశం

మా బోర్డుల మామ పోయాడని మొన్న తమ్ముడు వచ్చి చెప్పాడు. పొద్దున్నే చాయ్ తాగి, గ్లాసు కింద పెట్టి, గోడకు ఆనుకుని అలాగే పోయాడట. అడగాల్సినవి సగం కూడా అడగలేదు ఆయన్ని.

మామ అంటే మేనమామ కాదు. హన్మకొండలో మా పక్క పోర్షన్‌లో ఉండేవాడు. అమ్మ ఆయన్ని అన్నా అని పిలిచేది కాబట్టి నాకు మామ. దుకాణాలకు బోర్డులు రాయడం ఆయన పని. ఎన్నికలొస్తే తొర్రూరు, వర్ధన్నపేట దాకా పోయి గోడల మీద గుర్తులు వేసేవాడు. "అక్షరం రానోనికి బొమ్మనే అక్షరం బిడ్డా" అనేవాడు. ఆయన పిచ్చి అక్కడే మొదలైందనుకుంటాను.

ఆ పిచ్చి ఏమిటో మీకు చెప్పాలి. లేని దేశం ఒకటి ఊహించుకుని, దాని చిత్రకళ మీద పాత గ్రంథం ఒకటి తయారుచేయసాగాడు. తన బోర్డుల దుకాణం వెనక రంగుల కొట్టులో తాటాకులను పసుపు నీళ్లలో ఉడకబెట్టి, నీడన ఆరబెట్టి, సూదిమొనతో గీసి, ఆముదంలో కలిపిన దీపపు మసి రుద్దేవాడు. తర్వాత ఆ కట్టను ఇంట్లో అటక మీద కాగుల వెనక దాచేవాడు. వంటింటి పొగ పడితే వెయ్యేళ్ల నాటిదిలా ఉంటుందట!

ఆ దేశంలో పిట్టను గీసేముందు కొమ్మ గీయాలి. లేకుంటే రంగు ఆరేలోపే ఎగిరిపోతుంది. రాజును గీయకూడదు, ఆయన కూర్చుని లేచిన చోటు గీస్తే చాలు. ఆకలికి గుర్తు బోర్లించిన కుండ. స్నేహానికి ఒక గొడుగు కింద నాలుగు పాదాలు. మూడు వంకర గీతల గుర్తు ఒకటి మాత్రం నాకు అంతుపట్టలేదు.

"దీనికి అర్థమేంది మామా?"

"నాకేం ఎరుక? ఆ దేశపోళ్లు ఇంకా చెప్పలే. చెప్పినంక ముందుగాల నీకే చెప్త."

ఈ సంగతి మా ఇద్దరికే తెలుసు. ఒక దసరాకు మామ ఊళ్లో లేనప్పుడు అత్తమ్మ అటక దులిపింది. కట్ట బయటపడింది. తాతలనాటి గ్రంథం దొరికిందని సంబరపడి, సరస్వతి పూజలో పెట్టి పసుపు కుంకుమలు చల్లింది. మామ తిరిగొచ్చేసరికి వాడకట్టు ఆడవాళ్లంతా మొక్కుతున్నారు. "రేపు చెప్త తియ్" అన్నాడు నా చెవిలో. ఆ రేపు రానే లేదు. అత్తమ్మ మొహంలో సంతోషం చూస్తే ఆయనకు నోరు పెగిలేది కాదు. ఎవరైనా పెళ్లి ముహూర్తం చూడమంటే "గ్రంథం ఇయ్యాల మౌనం" అని తప్పించుకునేవాడు. కుంకుమ పడ్డ పిట్టను నాకు చూపించి, "ఎర్ర చుక్క ఉన్నదంటే ఎవరో మొక్కిన్రని గుర్తు" అని ఆ దేశానికి కొత్త నియమం కూడా కలిపేశాడు!

మరుసటేడు వానాకాలంలో నాకు జ్వరం ముదిరింది. కళ్లు తెరవడం లేదు. నాన్న ఊళ్లో లేడు. అమ్మ దవాఖాన పేరు ఎత్తనివ్వలేదు. నాకంటే ముందు పుట్టిన అన్నను అక్కడికి తీసుకుపోతే ప్రాణంతో తిరిగి రాలేదు. నన్ను భుజాన వేసుకుని మామ ఇంటికి పరుగెత్తిందట.

"అన్నా, గ్రంథం తియ్యి. అండ్ల ఏమున్నదో చెప్పు. అదే చేస్త."

అంతా ఉత్తదేనంటే అమ్మ నన్ను ఎత్తుకుని ఇంటికే పోతుంది. మామ కట్ట విప్పి, ఆ మూడు వంకర గీతల మీద వేలు పెట్టాడట.

"ఇగో చెల్లె, ఇక్కడున్నది. పిల్లను జర జల్ది దవాఖానకు తీస్కపోవాలె. తల్లి పక్కన్నే ఉండాలె. పిల్ల ఇంటికొస్తది."

ఇంటికొస్తుందని ఆయనకు మాత్రం ఏం తెలుసు? రిక్షా పిలిచి తానూ ఎక్కాడు. నాకు నయమయ్యేదాకా దవాఖాన వరండాలోనే పడున్నాడు. ఇవాళ ఈ నాలుగు ముక్కలు రాస్తున్నానంటే ఆ అబద్ధం పుణ్యమే.

నేను ఇంటికొచ్చాక అమ్మ గ్రంథం ముందు కొబ్బరికాయ కొట్టింది. ఇక మామ తట్టుకోలేకపోయాడు. తాటాకులు, మసి, పొగ, అన్నీ బయటపెట్టాడు.

అత్తమ్మ మండిపడింది. "ఏడాది సంది నాతోని ఉత్త ఆకులకు మొక్కిచ్చినవా?"

అమ్మకు కోపం రాలేదు. కొబ్బరి చిప్ప ఆయన ముందు పెట్టి, మెల్లగా అడిగింది.

"నువ్వే గీసినవన్నా, కాదంటలేను. మరి నీ చేతులతోని గీయిచ్చిందెవరు?"

మామ రెండు చేతులూ కిటికీ వెలుగులోకి చాపి, అటూ ఇటూ తిప్పి, అవి ఎవరివో అన్నట్టు చూసుకుంటూ కూర్చున్నాడు.