ఆయన చీకట్లో ఉంచిన పక్క

వాంకూవర్, నవంబరు 9, ఆదివారం.

ఎదురింటి జపాన్ కెమెరామన్ గారు మంగళవారం పోయారు. వచ్చే శనివారం సంస్మరణ సభలో ఆయన తీసినవన్నీ కాస్త వెలుతురు పెంచి చూపిస్తామని ఆయన మేనల్లుడు నిన్న మా ఇంటికి వచ్చి చెప్పాడు. ఆ ‘కాస్త’ మీద నాకు నమ్మకం లేదు. అందుకే ఇప్పుడు రాస్తున్నాను.

మొదట్లో ఆయన మీదా నాకు నమ్మకం లేదు. వాన పడితే చాలు, కిటికీలో నిలబడి మా ఇంటి వైపు చూసే మనిషిని ఏమనుకోవాలి? ఒకరోజు అడిగేశాను.

“మిమ్మల్ని కాదండీ, మీ గోడ మీద వెలుతురును చూస్తున్నాను” అన్నారు.

అంతకన్నా అనుమానం కలిగించే జవాబు నేను వినలేదు.

టోక్యోలో లెన్సుల పెట్టెలు మోస్తూ పని నేర్చుకున్నారట. ఒక సినిమా కోసం ఇక్కడికి వచ్చి ఉండిపోయారు. “ఇక్కడ మబ్బుకు అద్దె లేదు” అనేవారు. మిగతావాళ్లు లైట్లు తెస్తే ఆయన నల్లగుడ్డ తెచ్చేవారు. ముఖానికి ఒక పక్క కిటికీ, రెండో పక్క ఆ గుడ్డ. ఆయన సినిమాలన్నీ అలాగే ఉంటాయి.

పక్షవాతం వచ్చాక మా వారు ఫొటో అంటే ముఖం తిప్పుకునేవారు. అలాంటిది, తన ఆఖరి పుట్టినరోజున ఎదురింటాయన కెమెరా ముందు బుద్ధిగా కూర్చున్నారు. వీడియో చూస్తే ముఖం సగం చీకటి.

“ఇంత పేరున్నవారు, లైటు వేయడం మరిచారా?” అన్నాను.

“నేను బాగున్నానే! నీకన్నీ అనుమానాలే” అని మా వారు నవ్వారు. మళ్లీ మళ్లీ పెట్టించుకుని చూశారు. ఇద్దరూ కలిసి ఏదో చేశారనుకున్నాను.

నిన్న మేనల్లుడు మచ్చుకు ఆ వీడియోకే వెలుతురు పెంచి చూపించాడు. “డీటెయిల్ అంతా వచ్చేసింది, చూడండి” అన్నాడు. వచ్చేసింది. జారిపోయిన పెదవి, మూతపడని కన్ను, గడ్డం మీద తడి.

మా మనవరాలు “అమ్మమ్మా, టర్న్ ఇట్ ఆఫ్” అంది.

నా అనుమానం నిజమే. ఇద్దరూ కలిసే చేశారు.

ఇక జరగవలసినవి:

1. వెలుతురు పెంచిన కాపీని మేనల్లుడు నా కళ్లెదుట చెరిపేయాలి. చెరిపేశానన్న మాట చాలదు.

2. శనివారం ఆయన తీసినవి ఆయన తీసినట్టే చూపించాలి. కనిపించడం లేదనేవారు ముందు వరుసలోకి రావచ్చు.

3. సభ జరిగే హాలు తలుపు సందులోంచి బయటి లైటు లోపలికి పడుతోంది. వెళ్లి చూసి వచ్చాను. అక్కడ కట్టడానికి నల్లగుడ్డ నేను తెస్తాను. ఆ పుట్టినరోజున తెచ్చినదాన్ని ఆయన తిరిగి తీసుకెళ్లలేదు. కిటికీకి ఎదురుగా, మా వారి కుర్చీకి ఎడమవైపు, ఇంకా వేలాడుతూనే ఉంది.