గుట్టకింది ఇండ్ల లెక్క

నా చిన్నప్పుడు మా అవ్వ ఉండే పల్లెకు పేరంటూ లేదు. పూతలపట్టు దగ్గర రోడ్డు దిగి చెనిక్కాయ చేల మధ్య నడిచిపోతే ఒక గుట్ట, దాని కింద నాలుగైదు పూరిళ్ళు. అందరూ 'గుట్టకింది ఇండ్లు' అనేవాళ్ళు. తూర్పు ఊరి మునసబు అది పడమటి ఊరిదనేవాడు, పడమటి ఊరాయన తూర్పుదనేవాడు. కోడిపుంజు కావాల్సి వచ్చినప్పుడు మాత్రం ఇద్దరికీ మా దారి బాగా తెలిసేది.

నేను అక్కడ పుట్టినదాన్ని కాదు. అమ్మ పోయాక, నాయన తడ ఊళ్ళో బండి తోలుకుంటూ ఇల్లు పట్టకుండా తిరుగుతుంటే, అవ్వ వచ్చి నన్ను తనతో తెచ్చుకుంది. అక్కడ మామ, అత్త, వాళ్ళ పిల్లలు ఉన్నారు. అత్త చెడ్డది కాదు, కానీ ఎవరడిగినా నన్ను 'సుట్టం పిల్ల' అనేది. ఎక్కువ తింటే పంపించేస్తారేమోనని సగం కడుపుతోనే లేచేదాన్ని.

ఆ ఏడు జనాభా లెక్కలు రాయడానికి చిత్తూరు నుంచి ఒక బడి అయివారు వచ్చాడు. యుద్ధం రోజులు, మగవాళ్ళను పట్టాళానికి పట్టుకుపోతారని భయం. పైగా మనుషుల్ని ఒకటీ రెండూ అని లెక్కపెడితే ఆయుష్షు తరుగుతుందని మావాళ్ళ నమ్మకం. ఎంతమంది అంటే ఒక్కరూ నోరు విప్పలేదు. చివరికి ఆయనే వేలు చూపిస్తూ నా దాకా వచ్చాడు.

"ఆ పాప మాది కాదు సామీ, సుట్టం పిల్ల. తడకు పోతాది" అంది అత్త.

"అట్లయితే ఈడ రాయను" అన్నాడాయన.

ఇక్కడ లేను, అక్కడ ఇల్లే లేదు. మరి నేను ఏ ఊరిదాన్ని?

బియ్యం కడుగుతున్న అవ్వ తడిచేతులతోనే లేచి వచ్చింది. "నిలుపప్పా. నేను సెప్తా, రాసుకో" అంది. అందరినీ వరసగా నిలబెట్టింది. కళ్ళంలో వడ్లు కొలిచేటప్పుడు మొదటి కొలతను ఒకటి అనరు, లాభం అంటారు. ఆయుష్షు తరగకుండా అవ్వ మమ్మల్ని అట్లా కొలవబోతోంది. ఇంటి పెద్ద కాబట్టి మామతో మొదలుపెడుతుందనుకున్నాం. ఆమె మామను దాటి, అత్తను దాటి, కొసన నక్కి ఉన్న నా దగ్గరికి వచ్చి తడిచెయ్యి నా నెత్తిన పెట్టింది.

"లాభం."

తర్వాతే మామ రెండు, అత్త మూడు. ఏడో మనిషి దగ్గర ఏడుపు మాట ఎందుకని 'ఆరున్నొకటి' అంది.

అయివారు నవ్వాడు. "లాభమని రాస్తే మా దొర నన్ను ఇంటికి పంపుతాడు అవ్వా."

"నువ్వు ఒకటనే రాసుకో నాయనా. మాకు మాత్రం లాభమే."

ఆ పూట అత్త నేను తినే తట్టలో ఇంకో సంగటి ముద్ద పెట్టింది. "తిను పాపా. రోజూ సగం కడుపుతో లేస్తాండావు, నేను సూడలేదనుకుంటివా?" అంది. నేను ముద్దంతా తిన్నాను.

ఇప్పుడు మా ఇంట్లో భోజనాల బంతి వేస్తే ఎవరో ఒక కొత్త మనిషి ఉండనే ఉంటారు. మనవడి స్నేహితుడో, కోడలి పిన్ని కూతురో. కూర్చోవచ్చో లేదో తెలియక గోడవారగా నిలబడతారు. మొదటి ఆకు వాళ్ళ ముందే వేస్తాను. వేస్తూ, ఎవరికీ వినపడకుండా, 'లాభం' అనుకుంటాను.